మూడో అర పుస్తకాలు

పోయిన నెల ఆఫీసు పని మీద రాజమండ్రి వెళ్ళినవాణ్ణి, పుస్తకాల ప్రదర్శన పెట్టారని తెలిసి సాయంత్రం అటు నడిచాను. ఒక స్టాల్లో బల్ల మీద లావుపాటి పుస్తకం ఒకటి కనిపించింది. చట్టానికి ఎదురు తిరిగినవాళ్ళ గురించీ, పరువు కోసం కత్తి పట్టినవాళ్ళ గురించీ, వాళ్ళు చరిత్రలో ఎలా ఉన్నారు, కథల్లోకి వచ్చేసరికి ఎలా మారారు అన్నదాని గురించీ ఓపిగ్గా రాసిన పుస్తకం. డిప్లొమా చదివే రోజుల నుంచి నాకొక అలవాటుంది. ఏ పుస్తకాన్నైనా వెనకనుంచి తెరుస్తాను, చివర ఉండే పదాల పట్టిక చూస్తే లోపలి సరుకు తెలిసిపోతుందని. అందులో ఆయుధాల పేర్లున్నాయి, కోటల పేర్లున్నాయి, గుర్రాల పేర్లు కూడా ఉన్నాయి. పరువు అన్న మాట ఎదురుగా పేజీల అంకెలు వరుసగా నిండిపోయాయి. చచ్చిపోయినవాళ్ళ పిల్లల గురించి ఏమైనా ఉందేమోనని వెతికాను. లేదు. ఆ ట్యూబులైట్ల కింద నిలబడి ఉండగానే మా పెదనాన్న గుర్తొచ్చాడు.

తొంభైల్లో చదువుకున్న మన తరానికి అద్దె పుస్తకాల షాపుల సంగతి వేరే చెప్పనక్కరలేదు. వారపత్రికల్లోంచి చింపి కుట్టిన సీరియళ్ళూ, చివరి పేజీ ఎవరో కొట్టేసిన డిటెక్టివ్ నవలలూ, మార్జిన్లలో ముక్కూ మొహం తెలియని పాఠకులు ఒకరినొకరు ఆట పట్టిస్తూ రాసుకున్న రాతలూ మీకూ గుర్తుండే ఉంటాయి. రైల్వేస్టేషన్‌కి పోయే దారిలో మా నాన్నకి అలాంటి షాపే ఉండేది. పాలిటెక్నిక్ అయ్యాక సాయంత్రాలు నేను కూర్చునేవాణ్ణి. షాపు వెనక కిటికీ దగ్గర చాప మీద కూర్చుని పెదనాన్న పుస్తకాలు బైండు చేసేవాడు. మైదా ఉడికించి, పురుగు పట్టకుండా అందులో చిటికెడు మైలుతుత్తం కలిపి, ఆ నీలం జిగురుతో అట్టలు అంటించే పని ఆయన జైల్లో నేర్చుకున్నాడు.

జైలు మాట మా ఇంట్లో దాచేవారు కాదు. మాది కోనసీమలో కాలవ చివరి ఊరు. దాళ్వా పంటకి నీళ్ళు చాలక కాలవ లస్కరు ఊరికింతని వంతులు వేసి వదిలేవాడు. నేను పసివాడిగా ఉన్నప్పుడు, పై ఊరివాళ్ళతో తూము దగ్గర గొడవై, పెదనాన్న పలుగుతో ఒక మనిషిని కొట్టి చంపాడు. ఆ తర్వాతే మేము పొలం అమ్ముకుని పట్నం చేరాం. శిక్ష ముగించుకుని వచ్చాక ఆయనకి పెళ్ళిళ్ళలో ముందు వరసలో కుర్చీ వేసేవారు. పౌరుషం గల మనిషని మా బంధువులు ఆయన వినేలా చెప్పుకునేవారు. ఆయన ఆ కుర్చీలో కాసేపు కూర్చుని, భోజనాల హడావుడిలో ఎవరికీ చెప్పకుండా లేచి వచ్చేసేవాడు.

ఆ రోజుల్లో నాకు దొంగల కథలంటే పిచ్చి. డ్రాయింగ్ క్లాసులో నేర్చుకున్న అక్షరాలతో అట్టముక్కల మీద శీర్షికలు రాసి షాపులో అరలన్నీ సర్దాను. మొదటి అర రాజుకి ఎదురు తిరిగినవాళ్ళది, రెండోది ఆకలికి దారి తప్పినవాళ్ళది, మూడోది పరువు కోసం చంపినవాళ్ళది. చంబల్ లోయ దొంగలూ, మన్యంలో తిరుగుబాటు చేసినవాళ్ళూ, పడమటి దేశాల్లో చేతితొడుగు విసిరి కత్తియుద్ధానికి పిలిచే ప్రభువులూ, అందరికీ నా లెక్క ప్రకారం చోటు దొరికింది. పెదనాన్న జిగురు చేతులతో వచ్చి చూసి, రాజులతో పోట్లాడినవాళ్ళకి జానెడు చోటిచ్చి ఈ మూడోవాళ్ళకి అంత మేడ కట్టావేంట్రా అని వెక్కిరించి వెళ్ళిపోయాడు.

ఒక శనివారం సాయంత్రం మిషన్ స్కూల్లో కొత్తగా చేరిన లెక్కల టీచరు ఒకామె చందా కట్టడానికి వచ్చింది. కొత్త మనిషి కనపడితే మన గోదావరి వాళ్ళు మంచినీళ్ళకన్నా ముందు అడిగే ప్రశ్న ఒకటుంది కదా. పెదనాన్న సూదిలో దారం ఎక్కిస్తూ, తలెత్తకుండానే, ఏ ఊరమ్మా, ఎవరి తాలూకు అని అడిగాడు. అమ్మమ్మగారింట్లో పెరిగానండి అంటూనే ఆమె పుట్టిన ఊరు చెప్పింది, తండ్రి పేరు చెప్పింది. అది మా కాలవ మీద పై ఊరు. ఆ పేరు మా ఇంట్లో ఎవరూ పైకి అనని పేరు.

పెదనాన్న చేతిలో దారం ఆగిపోయింది. మర్యాదగల పిల్ల కాబట్టి ఆమె కూడా, తమరిది ఏ ఊరండీ అని అడిగింది. ఆయన మా పెద్దమ్మ పుట్టింటి ఊరు చెప్పాడు. ఆమెకి ఆ ఊళ్ళో ఎవరూ తెలియదట. నవ్వి, నేరుగా మూడో అర దగ్గరికి నడిచింది.

అప్పటినుంచి ప్రతి శనివారమూ వచ్చేది. మూడో అర తప్ప మరోటి ముట్టుకునేది కాదు. నాన్నకి భయం పట్టుకుంది. పుస్తకాలు లేవని చెప్పి ఆమెను ఇంకో షాపుకి పంపించేయమని నాకు చెప్పాడు. పెదనాన్న ఒప్పుకోలేదు. పైగా ఆమె వచ్చే వేళకి గడ్డం గీసుకుని, ఉతికిన చొక్కా వేసుకుని, చిరిగినవేవైనా ఉంటే ముందే బైండు చేసి పెట్టేవాడు. పుస్తకం తిరిగిచ్చేటప్పుడు ఆమె ఆయనతో కాసేపు మాట్లాడేది. ఇందులో కూడా చచ్చినవాడికి పేరు లేదండి, మొదటి పేజీలోనే పోయాడు అని ఒకసారి, చంపినవాడి గుర్రం గురించి అంత రాసినాయన ఆ ఇంట్లో మర్నాడు పొయ్యి వెలిగిందో లేదో రాయలేదండి అని మరోసారి. ఆయన తల ఊపేవాడు. ఆమె వెళ్ళాక ఆ పుస్తకం తీసి ఆమె చెప్పిన పేజీలు చదువుకునేవాడు. ఆమెకి నిజం చెబుతాడేమోనని నాన్న భయం. చెప్పకుండానే పోతానేమోనని పెదనాన్న భయమని నాకు అప్పట్లో అర్థం కాలేదు.

వర్షాకాలంలో ఒకరోజు షాపులో మేం ముగ్గురమే ఉన్నాం. బయట వాన పడుతోంది. ఆమె గొడుగు మూలన పెట్టి, మూడో అరలో చివరి పుస్తకం కూడా తిరిగిచ్చేసి, ఇంక ఇలాంటివి లేవా అండి అని అడిగింది. ఇవే ఎందుకమ్మా అన్నాడు పెదనాన్న. ఆమె దాచుకోకుండా చెప్పింది. చిన్నప్పుడే తండ్రిని దిగువ ఊరాయన ఎవరో చంపాడట. తల్లి నీళ్ళ గొడవంటుందట, తాతయ్య పరువు గొడవంటాడట. ఏ పుస్తకంలోనైనా చంపినవాడికి ఏదో ఒక కారణం ఉంటుంది కదా, అది ఒక్కసారి తెలిస్తే మనసు కుదుటపడుతుందేమోనని చదువుతోందట.

పెదనాన్న చాప మీంచి లేచాడు. కుర్చీ ఆమె వైపు జరిపాడు.

"కూర్చోమ్మా. నువ్వు మొదటిరోజు నాది ఏ ఊరని అడిగావు. నీకు అబద్ధం చెప్పాను."

ఊరు చెప్పాడు, ఇంటిపేరు చెప్పాడు. ఆమె కూర్చోలేదు. కుర్చీ వీపు పట్టుకుని అలాగే నిలబడింది.

"మీ నాన్న నన్ను కొట్టలేదమ్మా. తిట్టను కూడా లేదు. తోపులాటలో నా కండువా కాలవలో పడింది. పదిమందీ నవ్వారు. నవ్వినవాళ్ళల్లో మీ నాన్న లేరు."

"మరి ఆయన్నెందుకండీ?"

"ఎదురుగా ఉన్నది ఆయనే."

నేను బల్ల వెనక కదలకుండా నిలబడ్డాను. ఆమె, చివర్న మా నాన్న ఏమైనా అన్నారా అని అడిగింది.

"వంతు మాదేనండి, కావాలంటే లస్కరుని అడగండి అన్నారు."

"అండి అన్నారా?"

"అన్నారమ్మా. నేను పలుగు ఎత్తాక కూడా అండి అనే అన్నారు."

ఆమె గొడుగు అక్కడే మరిచిపోయి వానలోకి వెళ్ళిపోయింది. ఆమె తిడుతుందనో, ఏడుస్తుందనో, ఆయన కాళ్ళమీద పడతాడనో నేను ఎదురుచూశాను. అన్ని పుస్తకాల్లోనూ అలాగే చదివాను మరి.

తర్వాతి శనివారం పెదనాన్న గడ్డం గీసుకుని, ఉతికిన చొక్కా వేసుకుని కూర్చున్నాడు. ఆమె రాలేదు. ఆ పై శనివారమూ రాలేదు. చివరికి స్కూలు అటెండరు వచ్చి గొడుగు అడిగి పట్టుకెళ్ళాడు. అతను వెళ్ళాక పెదనాన్న నన్ను పిలిచి, మూడో అర మీద నేను రాసి అంటించిన అట్టముక్క తీసేయమన్నాడు. ఆయన వండిన జిగురుతోనే అంటించింది, ఒక పట్టాన ఊడలేదు, బ్లేడుతో గీకాల్సి వచ్చింది. దాని బదులు ఏం రాయమంటావని అడిగితే, ఏమీ రాయొద్దన్నాడు.

ఆయన మరికొన్నేళ్ళు బతికాడు. పెళ్ళిళ్ళకి వెళ్ళడం మానేశాడు. పోయినరోజున మా బంధువులు అరుగు మీద కూర్చుని, పౌరుషం గల మనిషి, అలాంటివాళ్ళు ఇప్పుడెక్కడున్నారు అని అదే మాట అనుకున్నారు. వాళ్ళకి నేను కండువా సంగతి చెప్పలేదు. చెప్పినా, కండువా పడిందంటే మాటలా అనేవారేమో. ఆ టీచరు అప్పటికే బదిలీ చేయించుకుని వెళ్ళిపోయిందని విన్నాను. ఎక్కడికో తెలుసుకోలేదు. రెండువేల సంవత్సరం దాటాక ఇంటింటా టీవీ సీరియళ్ళు పెరిగి అద్దెకి పుస్తకాలు అడిగేవాళ్ళు తగ్గిపోయారు. నాన్న ఆ పుస్తకాలు పాత కాగితాల కింద కాటాకి వేశాడు. పెదనాన్న బైండు చేసినవి మాత్రం ఊడి రాలేదని, అట్టలు విడదీయలేక కొన్నవాడు విసుక్కున్నాడు. ఇప్పుడక్కడ సెల్‌ఫోన్ల షాపుంది.

ఆ లావుపాటి పుస్తకం కొన్నాను. బిల్లు రాసే కుర్రాడి మాట మన కోనసీమ యాసలాగే తోచింది. ఆ వయసులో నన్ను పలకరించిన ప్రతి పెద్దమనిషీ ఏ ఊరు, ఎవరి తాలూకు అనే అడిగేవాడు. అడిగినప్పుడల్లా నాకు చిరాకేసేది. ఈ కుర్రాడు అడుగుతాడేమోనని చిల్లర సర్దుకునే నెపంతో ఒక్క నిమిషం నిలబడ్డాను. అడిగితే మా ఊరి పేరే చెబుదామనుకున్నాను, ఆ ఇంటిపేరే చెబుదామనుకున్నాను. అతను తలెత్తకుండానే నా ఫోన్ నంబరు అడిగి రాసుకుని, నా వెనకవాళ్ళని రమ్మన్నాడు.