తొమ్మిదో సాలు నుంచి పద్నాలుగో సాలు దాకా

పదకొండేళ్ళుగా పదమూడు పత్తి కాయలను మోస్తున్నాను. పచ్చివి, ఉసిరికాయంతవి. అన్నీ కలిపినా రెండు గుప్పెళ్ళు దాటవు. కానీ మోసి మోసి ప్రాణం విసిగిపోయింది. ఈ రోజు దించేస్తున్నాను. చెప్పాలన్న తొందరలో పొయ్యి మీద పాలు పొంగిపోయాయి. లేచి వెళ్ళి గ్యాసు ఆర్పి వచ్చి మళ్ళీ కూర్చున్నాను. ఒక్కసారే ఆర్పాను. వెనక్కి వెళ్ళి చూసుకోలేదు. ఈ మాట నాకు ఎంత పెద్దదో మీకు కాసేపట్లో తెలుస్తుంది.

మాది మానవపాడు దగ్గర ఒక పల్లె. ఎకరం చేలో సీడ్ పత్తి వేస్తాం. అంటే బట్టకు పోయేది కాదు, విత్తనానికి పోయేది. సాయంత్రం పూట ఆడ మొక్కల మీద మర్నాడు విచ్చే మొగ్గలను వెతికి, లోపలి పుప్పొడిని గిల్లి తీసేసి, ఎర్ర కాగితం ముక్క గుర్తు పెడతారు. పొద్దున మగ పువ్వు తెచ్చి దాని మీద రుద్దుతారు. ఒక మొగ్గ కంటపడకుండా తప్పించుకుని తనంతట తాను కాయ కట్టిందంటే విత్తనంలో కల్తీ. కల్తీ ఎక్కువైతే పంట మొత్తం పనికిరాదంటారు. ముందు ఏడాది మా పక్క చేను వాళ్ళకు అదే జరిగింది. ఆ ఇంటాయన రెండు రోజులు అన్నం ముట్టలేదు.

నాకు అనుమానం అక్కడే పుట్టిందని చాలాకాలం అనుకున్నాను. కాదు. అది అంతకు ముందే ఉంది. తాళం వేసి బస్టాండు దాకా వచ్చి మళ్ళీ వెనక్కి పోయేదాన్ని. గద్వాల బస్సు ఎన్నిసార్లు తప్పిపోయిందో. బియ్యం ఏడుసార్లు కడగాలి. మధ్యలో ఎవరైనా పలకరిస్తే మొదటి నుంచి మళ్ళీ ఏడు. మా ఆయన నవ్వేవాడు, నేనూ నవ్వేదాన్ని. శుభ్రం ఎక్కువ అని అత్తవారింట్లో పేరు కూడా వచ్చింది. మెచ్చుకుంటే ఎవరు కాదంటారు?

ఆ ఏడాది అనుమానం చేలోకి వచ్చింది. వాన కొడితే ఎర్ర కాగితాలు కొన్ని రాలిపోతాయి. కాగితం లేని కాయ కనబడితే గుండె దడదడలాడేది. ఇది రుద్దిన కాయేనా? తప్పించుకున్నదా? ఎట్లా తెలుస్తుంది? తెలియదు కదా, తెంపేస్తే పోతుంది. తెంపగానే ప్రాణం హాయిగా ఉండేది. ఆ హాయి నాలుగు మొక్కల దాకా ఉండేది కాదు. కూలికి వచ్చిన ఆడవాళ్ళు పగలు అన్నానికి వెళ్ళగానే నేను సాళ్ళలో దూరేదాన్ని. మొదట కాగితం లేనివి తెంపాను. తర్వాత కాగితం ఉన్నవి కూడా. కాగితం పెట్టారు సరే, పుప్పొడి మొత్తం తీశారని ఏమిటి నమ్మకం? తెంపినవి కొంగుతో కట్టిన ఒళ్ళో పోసుకుని పెంట కుప్పలో పూడ్చేదాన్ని. మా పంటను నేనే తింటున్నానని తెలుసు. తెలిసీ చెయ్యి ఆగేది కాదు.

ఎక్కువగా రత్నమ్మ సాళ్ళలోనే తెంపాను. పనికి వచ్చే నలుగురు ఆడవాళ్ళలో రత్నమ్మది అందరికంటే మంచి చెయ్యి. తొమ్మిదో సాలు నుంచి పద్నాలుగో సాలు దాకా ఆమెవి. కబుర్లు చెప్పి అందరినీ నవ్విస్తూ, మొగ్గ వైపు చూసీ చూడనట్టు గిల్లేది. అట్లా నవ్వుతూ చేసే పని సరిగ్గా ఎట్లా ఉంటుందని నా బుర్ర అడిగేది. పళ్ళు బిగబట్టి, చూసిందే పదిసార్లు చూసుకుంటూ బతికే మనిషికి ఆమె తేలిక చూస్తే ఒళ్ళు మండింది. ఇది జబ్బు ఖాతాలో వేయను. ఇది కుళ్ళు.

ఆ సాళ్ళు పలచబడటం అందరికీ కనబడింది. ఒక మధ్యాహ్నం విత్తనం కంపెనీ తరఫున తిరిగే ఆర్గనైజర్ వచ్చాడు. మా ఆయన, ఆర్గనైజర్, పని వాళ్ళు, అందరూ గట్టు మీద. నేను అప్పుడే చేలోంచి బయటికి వచ్చాను. ఒళ్ళో పదమూడు కాయలు. లెక్క ఎట్లా తెలుసు అంటారా? నేను లెక్కపెట్టనిది ఏముంది?

రత్నమ్మ ఒక కొమ్మ విరిచి తెచ్చి చూపించింది.

"చూడన్నా, గిది రాలిన కాయ గాదు. రాలితే తొడిమె కాడ నున్నగుంటది. గీడ చీలింది. ఎవరో చేత్తోని తెంపిన్రు."

"నీ సాళ్ళల్ల నువ్వు గాక ఎవరు తెంపుతరు?" అన్నాడు ఆర్గనైజర్. "తెంపుమని పక్క చేనోళ్ళు ఏమన్న ఇచ్చిన్రా నీకు?"

ఆమె చేతిలో కొమ్మను గట్టు మీద పడేసింది. నా వైపు తిరిగింది.

"చెల్లె, పగటిపూట నువ్వు చేన్ల తిరుగుతుంటవు గదా. ఎవరన్న కనవడ్డరా?"

"నాకు తెల్వదక్కా. నేనేం చూడలే."

అంతే. కొంగు ఇంకా గట్టిగా బిగించి పట్టుకున్నాను. ఆ సాయంత్రం నుంచి రత్నమ్మను మా చేలోకి రానివ్వలేదు. తర్వాత ఊళ్ళో ఎవరూ పిలవలేదు. కాయలు తెంపే మనిషని పేరు పడితే సీడ్ పత్తిలోకి ఎవరు రానిస్తారు? ఆ ఏడాది చివరికి ఆమె లింగాల దగ్గర పుట్టినూరికి వెళ్ళిపోయింది.

పదకొండేళ్ళు ఎట్లా గడిచాయి? తాళాలు లాగి చూస్తూ గడిచాయి. చెబుదామనుకున్న ప్రతిసారీ ఏమని చెప్పాలో తెలిసేది కాదు. మా పంటను నేనే తెంపుకున్నానంటే పిచ్చిది అంటారు. పిచ్చిది అనిపించుకోవడం కంటే ఆమె దొంగ అనిపించుకోవడం నాకు నయమనిపించింది. ఇప్పుడు రాస్తుంటే సిగ్గుతో చెవులు వేడెక్కుతున్నాయి.

మొన్న వానాకాలంలో నా కూతురు సెలవులకు వచ్చింది. నాగర్‌కర్నూల్‌లో నర్సింగు చదువుతోంది. నేను గ్యాసు దగ్గరికి ఎన్నిసార్లు పోయి వస్తున్నానో గుమ్మంలో కూర్చుని చూసింది. పద్దెనిమిది అంది. మర్నాడే దవాఖానకు తీసుకుపోయింది. అక్కడి డాక్టరమ్మ నన్ను తాళం గురించి, బియ్యం గురించి, చేతుల గురించి అడుగుతుంటే, ఈమె మా ఇంట్లో ఎప్పుడు కాపురం ఉందా అనిపించింది. దానికి పేరుందట. ఓసీడీ అట. నాలాంటి వాళ్ళు చాలామంది ఉన్నారట. ఆ మాట వినగానే నేను ఏడవలేదు, నవ్వాను. ఆపుకోలేక నవ్వాను. పేరుంది! ఇన్నేళ్ళు నా తల లోపల ఒక్కదాన్నే పోట్లాడుతున్నది ఒక జబ్బుతోనట.

"అనుమానం వచ్చుడు నీ తప్పు గాదమ్మా. వచ్చినప్పుడల్లా పోయి చూస్తున్నవు చూడు, గది దాన్ని పెంచుతది," అంది డాక్టరమ్మ. మందులు రాసింది. తాళం ఒక్కసారే వేసి నడవమంది. దడ వస్తుంది, రానిమ్మంది, కాసేపటికి అదే తగ్గుతుందట. తగ్గింది! మొదటి రోజు బస్సులో బీచుపల్లి దాకా చెమటలు పట్టాయి. ఇంటికి వచ్చి చూస్తే తాళం వేసిందే ఉంది. పండగ చేసుకున్నాను.

అయితే ఆ సంబరంలోనే ఒక మాట నన్ను పట్టుకుంది. కాయలు తెంపింది జబ్బే కావచ్చు. మరి గట్టు మీద "నాకు తెల్వదక్కా" అన్నది ఎవరు? దానికి డాక్టరమ్మ మందు రాయలేదు. నేనూ అడగలేదు.

పోయిన వారం నా కూతురితో లింగాల వెళ్ళాను. రత్నమ్మ వాకిట్లో పల్లికాయ తెంపుతోంది. జుట్టు తెల్లబడింది. నేను నిలబడే చెప్పాను, మొత్తం, గుక్క తిప్పుకోకుండా. ఆమె చెయ్యి ఆపలేదు. అంతా అయ్యాక అంది:

"నాకు ఎరుకే. నీ ఒళ్ళె మూట చూసిన. నువ్వే చెప్తవని నిన్ను అడిగిన."

ఆమె పల్లికాయ మట్టి దులిపి గంపలో వేసింది.

"నాకెందుకు చెప్తవు? నాకు తెలిసిందే. గా గట్టు మీద ఉన్నోళ్ళకు చెప్పు."

మంచినీళ్ళు ఇమ్మని కూడా అడగలేకపోయాను. తిరిగి వచ్చే బస్సులో నాలుక దురద పెట్టింది. సరిగ్గా చెప్పానా? ఏదైనా మిగిలిందా? క్షమించావా అని ఒక్క మాట అడిగి రావాల్సిందేమో? దిగి వెనక్కి పోదామా? ఇదీ తాళం లాంటిదే అని అర్థమైంది. ఆమె నోటి నుంచి సరే అనిపించుకుంటే నాకు హాయి, అది నాలుగు మొక్కల దాకా కూడా ఉండదు. దిగలేదు.

నిన్న సాయంత్రం మొగ్గలు గిల్లే వేళకు చేలోకి పోయాను. అప్పటి వాళ్ళలో ఇద్దరు ఇప్పటికీ మాకే వస్తారు. మా ఆయనా ఉన్నాడు. ఆనాటి ఆర్గనైజర్‌కు ఫోను చేసి పిలిపించాను. అదే గట్టు మీద నిలబడి చెప్పాను. మా ఆయన నా మొహం చూడకుండా మోటారు దగ్గరికి వెళ్ళాడు, ఇప్పటిదాకా నాతో మాట్లాడలేదు. ఆడవాళ్ళలో ఒకామె మాత్రం తొమ్మిదో సాలు వైపు చూసి, "పాపం రత్నమ్మ," అంది. ఆ మాట పదకొండేళ్ళు ఆలస్యంగా వచ్చింది. ఆలస్యం చేసింది నేనే.

అయినా రాత్రి ఒళ్ళు తెలియకుండా నిద్రపోయాను. దానికీ సిగ్గుపడాలా? నాకు తెలియదు.

రాసింది మొదటి నుంచి చదివి చూసుకోవాలని చెయ్యి లాగుతోంది. చదవను. మా చేలో తొమ్మిదో సాలు నుంచి పద్నాలుగో సాలు దాకా కాయలు తెంపింది రత్నమ్మ కాదు, నేను. పెన్నుకు మూత పెట్టాను. ఒక్కసారే.