గద్ద రెక్క అద్భుతం

కూర్చో కన్నా. అట్లా గుమ్మంలో నిలబడి కాదు, ఈ చాప మీద కుదురుగా కూర్చుని సరిగ్గా విను. ఫోను ఆ కిటికీలో పెట్టు. మన సంఘం పుస్తకంలో వేస్తామని, గద్ద రెక్క సాక్ష్యం రాయించి పంపమని పాస్టరు అయ్యగారు అడిగారు కదా. చూసినవాళ్ళలో మిగిలింది నేనొక్కదాన్నే. నాకు కళ్ళు ఆనవు కాబట్టి నువ్వు రాయాలి. రాయి. కానీ నువ్వు చిన్నప్పటినుంచి విన్నది కాదు రాయాల్సింది. అది కథ. దాని వెనక ఇంకొకటుంది. డెబ్బై ఏళ్ళుగా దాన్ని మోస్తున్నాను, నీ తాతకి కూడా చెప్పలేదు. మొహం అట్లా పెట్టకు. ఖూనీ ఏం కాదులే.

మా మేనత్త సుగుణమ్మ. పెళ్ళి చేసుకోలేదు. చింతాద్రిపేటలో ఆడపిల్లల బడిలో కుట్టు నేర్పేది. అమ్మానాన్నా నెల్లూరులో ఉండేవాళ్ళు, చదువు కోసం నన్ను అత్త దగ్గర దించారు. మద్రాసులో ట్రాములు ఆగిపోయిన కొత్త అది. నాకు పన్నెండేళ్ళు.

అత్త ఇల్లు రెండు గదులు, వెనక పెరడు. ఆ పెరడు చూడాలి నువ్వు. కాలు విరిగిన ముంగిస, గారడీవాడు వదిలేసి పోయిన గుడ్లకళ్ళ దేవాంగ పిల్లి, బండి చక్రం కింద పెంకు పగిలిన తాబేలు. ఎవరికి ఏ అడవి ప్రాణి దెబ్బతిని దొరికినా గోనెసంచిలో వేసుకుని టీచరమ్మ దగ్గరికే తెచ్చేవాళ్ళు. గుడిలో పాటలు పాడితే చాలదు, దేవుడు చేసినవాటికి కట్టు కూడా కట్టాలి అనేది అత్త. సాయంత్రం ప్రార్థనలో సంఘంలో జబ్బుపడ్డవాళ్ళ పేర్లతో పాటు వీటి పేర్లూ చదివేది. ఒకసారి గొంతునొప్పితో ఉన్న సంఘపెద్ద పేరు ముంగిస తర్వాత వచ్చింది. ఆయన రెండు వారాలు మా ఇంటి వైపు చూడలేదు.

ఒక్కటే నియమం. నయమైతే వదిలెయ్యాలి. ముంగిసని ఉంచుకుందామని నేను ఏడిస్తే, "మనది ఆసుపత్రే. నయమైనోళ్ళని ఎవురన్నా ఆసుపత్రిలో పెట్టుకుంటారా?" అంది.

ఇక గద్ద సంగతి. గాలిపటం మాంజా తగిలి రెక్క తెగి, కూవం ఏటి ఒడ్డున కొబ్బరిచెట్టుకి తలకిందులుగా వేలాడుతుంటే రిక్షా అతను చెట్టెక్కి దించాడు. తన తువ్వాల్లో చుట్టి తెచ్చాడు. తెల్లటి తల, ఇటుకరంగు ఒళ్ళు. అది గరుడపక్షి. పక్కింటి మంగమ్మగారు గోడ మీదనుంచి చూసి చెంపలు వేసుకున్నారు. ప్రతి శనివారం తలంటుకుని దర్శనానికి వచ్చేవారు. అత్త దానికి చేప తలకాయలు పెట్టడం చూసి ఆవిడకి ప్రాణం పోయినంత పనయింది. స్వామి వాహనానికి నీచు పెడతావా సుగుణా అని అడిగితే, అత్త నవ్వకుండా, "వాహనం కదా మంగా, దాని పెట్రోలు అదే," అంది.

అత్త ఉప్పునీళ్ళతో కడిగి, పసుపు అద్ది, పాత వాయిల్ చీర చించి కట్టు కట్టింది. కానీ గద్ద అత్తని పొడిచేది. నన్ను పొడిచేది కాదు. ఎందుకో నాకూ తెలీదు. అత్తకి సోడాబుడ్డి కళ్ళద్దాలు, దగ్గరికి పోతే గాని ఏదీ కనపడదు, దగ్గరికి పోతే అది రానివ్వదు. అందుకని దాని పనంతా నా చేతికి వచ్చింది. అది నా మణికట్టు మీద కూర్చునేది. బడిలో ఎవరూ మాట్లాడని నెల్లూరి పిల్లని నేను, ఒక్క నెలలో గద్ద పిల్లనైపోయాను. సాయంత్రమైతే పెరట్లో పదిమంది ఆడపిల్లలు. శనివారం మంగమ్మగారి మురుకులు, నాకే, గరుడుణ్ణి సాకుతున్న చెయ్యి ఇదని.

రెండు నెలల్లో గాయం మానిపోయింది. ఒకరోజు అది గోడ మీదికి ఎగిరి కూర్చుంది. అత్త బడిలో ఉంది. నేనొక్కదాన్నే చూశాను.

ఇక్కడ కొంచెం ఆగి రాయి.

మా వీధి చివర చిలక జోస్యం చెప్పేవాడు చిలక రెక్కలు కత్తిరించడం చూశాను. ఒక పక్కవే కత్తిరించేవాడు. నొప్పి ఉండదు పాపా, గోరు తీసినట్టే అన్నాడు. అత్త కుట్టుపెట్టెలోంచి కత్తెర తెచ్చాను. చేపముక్క చూపించి పిలిస్తే గోడ మీదినుంచి దిగి వచ్చింది. నన్ను నమ్మి వచ్చింది. ఎడమరెక్క పెద్ద ఈకలు ఐదు కత్తిరించాను. పొయ్యిలో వేస్తే కమురు వాసన. ఏం కాలిందే అని అత్త అడిగితే, నా జుట్టు అన్నాను.

ఆ తర్వాత అది ఎగరబోతే ఒక పక్కకి ఒరిగి పడిపోయేది. అత్తకి అర్థం కాలేదు. గాయం మానింది, ఎముక నిలిచింది, ఎందుకు ఎగరదు? ప్రార్థనలో గద్ద పేరు అందరికన్నా ముందుకి వచ్చింది. గురువారం కూటంలో ఆడవాళ్ళంతా మోకాళ్ళ మీద ఉండి గద్ద రెక్క కోసం ప్రార్థించేవాళ్ళు, నేను కూడా వాళ్ళ మధ్య కళ్ళు మూసుకుని. ఏమని ప్రార్థించాను? నాకు గుర్తులేదంటే అది ఇంకో అబద్ధమవుతుంది. నా కత్తెర ఎవరికీ కనపడకూడదని ప్రార్థించాను. అత్త మొక్కుకుంది, అది ఎగిరేదాకా కాఫీ ముట్టనని. పొద్దున లేస్తే కాఫీ డికాక్షను దిగకుండా కళ్ళు తెరవని మనిషి. తలనొప్పితో నుదుటికి గుడ్డ కట్టుకుని బడికి పోయేది. నేను చూస్తూనే ఉన్నాను. చూస్తూనే, కొత్త ఈక మొలిచినప్పుడల్లా కత్తిరించాను.

ఎందుకు చేశావు అని అడుగు. ప్రేమతో అని చాలా ఏళ్ళు నాకు నేనే చెప్పుకున్నాను. ప్రేమ ఉన్న మాట నిజమే, కానీ అందులో సగం మురుకులూ, ఇంకో సగం బడిలో పిల్లలు నా పక్కన కూర్చోవడానికి పోటీపడడమూ ఉంటే, దాన్ని ప్రేమ అని పిలిచే హక్కు నాకు ఉందా? నాకు తెలీదు. పన్నెండేళ్ళ పిల్లవి కదా నానమ్మా అంటావు. పన్నెండేళ్ళకి కత్తెర ఎక్కడ దాచాలో తెలిసింది కదా.

అయినా అసలు తప్పు ఈకలు కాదు. వస్తున్నా, అక్కడికే వస్తున్నా.

ఒక మధ్యాహ్నం వాన. సెలవురోజు. అత్త వెనక మెట్టు మీద కూర్చుని ఉంది. నన్ను పిలిచి పక్కన కూర్చోబెట్టుకుంది.

"ఏమే, ఈ ఇంట్లో ఎవురి మనసులోనో దేవుడికి అడ్డం ఏదో ఉండాది. అందుకే ఆయన వినలా. నువ్వేమన్నా దాచి పెట్టుకోనుండావా?"

కత్తెర అప్పుడు నా పావడా మడతలో ఉంది. తొడకి గుచ్చుకుంటోంది.

"లేదత్తా. నాది కాదు."

ఆవిడ నా వైపు చూడలేదు. వాన వైపు చూసింది. "అట్లయితే నాదే," అంది.

అంతే. అరవలేదు, కొట్టలేదు. నన్ను నమ్మేసింది. నేను దాచుకున్నదాన్ని తీసి తన నెత్తిన పెట్టుకుంది. పెట్టుకుని ఊరుకుందా? లోపల వెతుక్కుంది. అత్తకి ఒక చెల్లెలు, మైలాపూరులో ఉండేది, మా చిన్నత్త. వాళ్ళ అమ్మ హార్మోనియాన్ని ఆ చెల్లెలు తనని అడక్కుండా ఎవరికో ఇచ్చేసిందని ఏడేళ్ళుగా అత్త ఆమెతో మాట్లాడలేదు. మరునాడు తెల్లచీర కట్టుకుని, ఆ వానలోనే బస్సెక్కి పోయి చెల్లెలి గుమ్మం ముందు నిలబడింది. ఏం మాట్లాడుకున్నారో నాకు తెలీదు. సాయంత్రం ఇద్దరూ ఒకే గొడుగు కింద తడిసి ముద్దయి వచ్చారు, నవ్వుకుంటూ. అత్త అట్లా నవ్వడం నేను అంతకుముందు చూడలేదు.

ఆ రోజే కత్తెర తిరిగి కుట్టుపెట్టెలో పెట్టేశాను. కానీ కత్తిరించిన ఈక వెంటనే మొలవదు కన్నా. పాతది రాలాలి, కొత్తది రావాలి, ఒక్కొక్కటిగా. నెలలు పట్టింది. అన్ని నెలలూ అత్త కాఫీ తాగలేదు. అప్పుడైనా చెప్పొచ్చు కదా నేను? చెబితే అక్కాచెల్లెళ్ళు మళ్ళీ విడిపోతారేమోనని భయపడ్డాను. అది కూడా సాకేనేమో.

ఒక ఆదివారం, గుడినుంచి వచ్చాక, అది గోడెక్కి, కొబ్బరిచెట్టెక్కి, అక్కడినుంచి నేరుగా లేచిపోయింది. ఒరగలేదు. అత్త స్తోత్రం స్తోత్రం అంటోంది, గోడవతల మంగమ్మగారు గోవిందా గోవిందా అంటున్నారు, ఇద్దరూ ఏడుస్తున్నారు, చిన్నత్త లోపలికి పరిగెత్తి కాఫీ పెట్టింది. అత్త మూడు గ్లాసులు తాగింది. ఆ రాత్రి నిద్రపట్టక, పొద్దున నన్ను తిట్టింది, ఆపకపోయావేమే అని.

ఆ తర్వాత అది సాక్ష్యమైంది. తన మనసు కడుక్కుంటే పక్షికి రెక్క వచ్చిందని గుడిలో అత్త చెప్పింది. ప్రతి ఏడూ చెప్పింది. ఏటికేడూ గద్ద పెద్దదయ్యింది, చివరికొచ్చేసరికి దాని రెక్కలు మా పెరట్లో పట్టేవి కావు. ఆ సాక్ష్యం విని ఎంతమంది అన్నదమ్ములు, అత్తాకోడళ్ళు మాట్లాడుకున్నారో. నేను ముందువరసలో కూర్చుని ఆమేన్ అనేదాన్ని. అత్త చేతులు వణకడం మొదలయ్యాక దాన్ని నాకు చెప్పి రాయించుకుంది కూడా. ఇప్పుడు నీలాగే, కింద కూర్చుని రాశాను. నా చేత్తోనే. ఆ కాగితం తలగడ కింద పెట్టుకునే పోయింది అత్త.

దేవుడు నీ కత్తెరనే వాడుకున్నాడు నానమ్మా అని నువ్వు అనబోతున్నావు. అనొద్దు. నేనూ అనుకుని చూశాను, ఒక్కోసారి హాయిగానే ఉంటుంది. కానీ దొంగతనం చేసి, చేయించింది ఆయనే అనడం ఇంకో దొంగతనం కాదా?

ఇంకొకటి. ఇది రాయకుండా ఉండలేను. గద్ద మా ఇంటికి వచ్చిన కొత్తలో రోజూ మధ్యాహ్నం ఇంకో గద్ద వచ్చి ఆ కొబ్బరిచెట్టు మీద కూర్చుని పిలిచేది. ఇది కిందనుంచి జవాబిచ్చేది. జంట అని మంగమ్మగారు చెప్పారు. నేను కత్తిరించడం మొదలుపెట్టాక కూడా నెలా నెలన్నర వచ్చింది. తర్వాత రావడం మానేసింది. మా గద్ద ఎగిరిన రోజు ఆ చెట్టు మీద ఒక్క నిమిషం కూర్చుని, పిలిచింది. అందరూ ప్రార్థన అనుకున్నారు. నాకు తెలుసు అది ఎవర్ని పిలిచిందో. జవాబు రాలేదు.

అత్తని క్షమించమని అడగడానికి అత్త లేదు. ఆ పక్షిని అడగలేను. అయ్యగారు క్షమిస్తారు, అది ఆయన ఉద్యోగం. అందుకోసం కాదు చెబుతున్నది. ఉన్నది ఉన్నట్టు ఒక్కసారి నా నోటితో బయటికి రావాలని. ఇదిగో, దీన్ని విడిగా, పెద్ద అక్షరాలతో రాయి: గద్ద రెక్క కత్తిరించింది నేనే. అత్త అడిగితే కాదన్నది నేనే.

రాశావా? చదువు ఒకసారి. ఊఁ. బాగానే ఉంది. చూడు, నాకు చెమటపట్టింది గాని ఊపిరి బాగా ఆడుతోంది.

నీకు నవ్వొస్తోందా? నవ్వు, పర్లేదు. అయ్యగారికి ఇదే ఇవ్వు, పాత కాగితం కాదు. ఆయన వెయ్యనంటే మానెయ్యమను, కానీ ఒక్క అక్షరం మార్చి వేస్తే మటుకు నేనే గుడిలో లేచి నిలబడి... ఎవరది, మీ అమ్మేనా? వస్తున్నానే, చేపలకూర చల్లారితే మళ్ళీ వెచ్చపెట్టు, ఇప్పుడే పిల్లకి చెబుతున్నా. కన్నా, చెయ్యివ్వు, లేపు నన్ను. మీ అమ్మ ఏం రాస్తున్నారని అడిగితే దాచకు, ఆ కాగితం చూపించెయ్యి, నేను ఇంక ఎవరి దగ్గరా ఏదీ దాచను.