దొరవారిపాడు మేడకు రేటు

విజయవాడ చరిత్రను యుగాలుగా విడదీసే పని ఎవరైనా పెట్టుకుంటే, రామకోటేశ్వరరావు గారు “మీ ఇష్టం” అనే మాటను నమ్మడం మానేసిన రోజును ఒక యుగాంతంగా గుర్తించక తప్పదు. ఆ ఘట్టం ఆయన పెళ్ళయిన కొత్తలో, రైల్వేస్టేషన్లో జరిగింది. ట్రంకుపెట్టె మోసిన కూలీని ఎంతిమ్మంటావని అడిగితే, “మీ ఇష్టం బాబుగారూ” అన్నాడు. రావుగారు తన ఇష్టప్రకారమే ఇచ్చారు. కూలీ ఆ డబ్బుల్ని జేబులో వేసుకోలేదు. అరచేతిలో పెట్టుకుని, చచ్చిన బల్లిని చూసినట్టు చూస్తూ నిలబడ్డాడు. కొత్త పెళ్ళికూతురి కళ్ళెదుట రావుగారి చెయ్యి మళ్ళీ మళ్ళీ జేబులోకి వెళ్ళవలసి వచ్చింది.

అప్పటినుంచి ముందు రేటు, తర్వాతే పని. ఆటో ఎక్కినా అంతే, ఆటోనగర్లోని తన లారీ కమాన్ పట్టీల కొట్టుకి మనిషిని పెట్టుకున్నా అంతే. వ్రతం చేయించడానికి వచ్చిన పంతులుగారు దక్షిణ సంగతి “మీ ఇష్టం” అన్న పాపానికి, అంకె చెప్పేదాకా కలశం మీద కొబ్బరికాయ పెట్టనివ్వలేదు. రేటు చెప్పేవాడు మన దగ్గర కొంతే పట్టుకుపోతాడనీ, చెప్పనివాడు ఎంత పట్టుకుపోతాడో భగవంతుడికి కూడా తెలియదనీ ఆయన సిద్ధాంతం.

ఇటువంటి మనిషిని భార్య శివపార్వతి గారు ఒక ఆదివారం దొరవారిపాడు దివాణానికి బయల్దేరదీశారు. ఆ ఊరు ఉయ్యూరు దాటాక లోపలికి ఉంటుంది. జమీందార్ల నాటి దివాణానికి వారసులు ఈమధ్యే సున్నాలు వేయించి, టిక్కెట్టు పెట్టి జనానికి చూపిస్తున్నారు. ఆవిడ పుట్టిల్లు ఆ పక్క ఊరే. హైస్కూలు రోజుల్లో బస్సు కోసం దివాణం ఎదురుగా రోడ్డు మీద నిలబడేవారు. మేడ వరండాకి వెదురు తెరలుండేవి. అప్పుడప్పుడు ఏదో ఒక తెర కదిలేది. చూసేవాళ్ళెవరో మాత్రం ఎప్పుడూ కనిపించలేదు.

“ఒక్కసారి ఆ తెర వెనక నిలబడి ఇటు చూడాలండీ. ఇంకేం వద్దు,” అన్నారావిడ.

“దానికి వేరే టిక్కెట్టు ఉంటుంది చూడు,” అన్నారు రావుగారు.

గేటు దగ్గరే ఆయన అనుమానానికి కావలసినంత మేత దొరికింది. లోపలికి మనిషికి నూట యాభై. కారు నిలిపితే వేరు. ఫోనుతో ఫొటోలు తీస్తే వేరు.

“తియ్యకుండా జేబులో పెట్టుకుంటేనో?” అని ఆయన కౌంటర్లో కూర్చున్న భానుశ్రీ అనే అమ్మాయిని నిలదీశారు.

“జేబులో ఉంటే ఫ్రీయేనండీ.”

పల్లకిలో కూర్చుని ఫొటో దిగితే రెండువందలు, బోయీల్లా మోస్తున్నట్టు దిగితే వంద.

“మోసేవాళ్ళకి మీరే ఎదురివ్వాలి గదమ్మా, న్యాయంగా?”

“పల్లకి ఖాళీదేనండీ. బరువుండదు.”

తలపాగా అద్దె, తోటలో భోజనం, కాలవలో పడవ షికారు, అన్నిటికీ రేట్లున్నాయి. రావుగారు కౌంటరు పక్కనున్న రేట్ల బోర్డును పైనుంచి కిందికీ, కిందినుంచి పైకీ చదివారు. మేడ ఊసు లేదు. ఆయన ముఖం గంభీరమైపోయింది.

“చూశావా? అసలుదాన్ని రాయలేదు. లోపలికి లాక్కెళ్ళి చెబుతారు.”

దర్బారు హాల్లో ఆయన కత్తిని చూసి రేకేమో అన్నారు. పైకప్పునుంచి వేలాడే గాజుదీపాల ఝూమరు చూసి ప్లాస్టిక్కేమో అన్నారు. గడ్డి కూరి నిలబెట్టిన చిరుతపులి దగ్గర వంగి, “పొట్ట కింద కుట్లున్నాయి,” అని ప్రకటించారు.

“పులికి కాక దొరగారికి వేస్తారా కుట్లు? పదండి, మేడ అయిదింటికి మూసేస్తారట,” అన్నారు శివపార్వతి గారు. ఆవిడ కళ్ళు అప్పటికే మెట్ల మీద ఉన్నాయి.

మెట్ల కింద స్టూలు మీద, తాళాలగుత్తి ఒళ్ళో పెట్టుకుని కాపలాదారు పుల్లయ్య కూర్చున్నాడు.

“ఏమయ్యా, మేడ ఎక్కడానికి ఎంత?”

“మీ ఇష్టమండీ.”

రావుగారు మొదటి మెట్టు మీద పెట్టబోయిన కాలు వెనక్కి తీసుకున్నారు. అడ్డంగా చెయ్యి చాపి భార్యను కూడా ఆపారు.

“అలా కుదరదు. ఒక మాట చెప్పు.”

“ఏం మాటండీ?”

“ఎంతో చెప్పు.”

“ఎన్ని మెట్లో లెక్కెట్టలేదండీ.”

“మెట్లు కాదయ్యా, రేటు!”

“రేటేంటండీ? ఎక్కాలనుంటే ఎక్కండి, లేపోతే మానెయ్యండి. మీ ఇష్టమన్నాను గదా.”

“ఆ మాటే వద్దంటున్నా. ఎక్కేటప్పుడు అందరూ అలాగే అంటారు. దిగడానికి ఎంత?”

దిగడానికి డబ్బులు పుచ్చుకోవచ్చునన్న సంగతి పుల్లయ్యకి అంతవరకూ తట్టలేదు. 

“ఆఫీసులో కనుక్కోవాలండీ,” అన్నాడు. తర్వాత గోడగడియారం చూసి, తాళాలు తీసుకుని లేచాడు. “అయిదవుతోందండీ. తలుపేసేస్తాను మరి.”

“జరగండి,” అన్నారు శివపార్వతి గారు. భర్త చేతిని పక్కకు తోసి మెట్లెక్కడం మొదలుపెట్టారు.

“పార్వతీ! ఇంకా రేటు తేలలేదు!”

“తేలాక పిలవండి.”

రావుగారు పైకి వెళ్ళలేదు. ఇద్దరూ పైన ఉంటే బేరానికి కింద మనిషి ఉండడు. జేబు మీద చెయ్యి వేసుకుని, పుల్లయ్య కుడిచేతినే చూస్తూ నిలబడ్డారు. ఆ చెయ్యి చెవి గోక్కుందే తప్ప ముందుకు రాలేదు. అది మరీ అనుమానంగా తోచి, ఆయన కౌంటరు దగ్గరికి వెళ్ళారు.

“మేడకి ఎంతమ్మా? దాచకుండా చెప్పు.”

“మేడకి టిక్కెట్టు లేదండీ. సామానంతా కిందికి దించేశారు. పైన చూడ్డానికేం లేదు, అందుకని పెట్టలేదు.”

“ఆ ముక్క బోర్డు మీద రాయొచ్చుగా?”

“ఏమీ లేదని రాస్తామాండీ?”

ఆయన తిరిగి వచ్చేసరికి శివపార్వతి గారు తీరిగ్గా దిగుతున్నారు. ఆవిడ దిగగానే పుల్లయ్య మెట్ల తలుపుకి తాళం వేశాడు.

“పైన ఎవరన్నా ఏమన్నా అడిగారా?” అన్నారు రావుగారు గొంతు తగ్గించి.

“ఎవరూ లేరండీ.”

“తెరలున్నాయా?”

“ఒకటి మిగిలింది. దాని వెనకే నిలబడ్డాను.”

“ఏం కనిపించింది?”

“రోడ్డు,” అన్నారావిడ.