నాలుగు బకెట్ల నీళ్లు

ఇది ఎప్పుడో రాయాల్సింది. రాయలేకపోవడానికి మొదటి కారణం, నాకు అక్షరాలు రాకపోవడం. చిన్నప్పుడు తమ్ముళ్లను ఎత్తుకోవడానికి ఇంట్లో ఉండిపోయాను. పెళ్లయ్యాక ఇసుక తట్ట ఎత్తుకున్నాను. రెజిమెంటల్ బజార్ దగ్గర ఒక చర్చి హాల్లో, టీచరుగా పనిచేసి రిటైరైన ఒక అమ్మ మధ్యాహ్నాలు మాలాంటి ఆడవాళ్లకు చదువు చెబుతోందని తెలిసి యాభై మూడో ఏట వెళ్లాను. రెండేళ్లు పట్టింది. ఇప్పుడు మెల్లగానైనా రాయగలను.

రెండో కారణం మా ఆయన. ఈ సంగతి రాస్తానంటే చాలాకాలం ఒప్పుకోలేదు. మొన్న మళ్లీ అడిగాను.

"రాస్తె రాయి గని, నీళ్లు కొట్టింది నేనే అని రాయి," అన్నాడు.

"అబద్ధం రాయనీకేనా నేను గంత తక్లీఫ్ పడి నేర్చుకున్నది?"

"నీ ఇష్టం. రాసినంక నాకు చదివి వినిపియ్యాలె మల్ల."

మా ఆయన గోడలకు ప్లాస్టరింగ్ చేసే మేస్త్రీ. ఆయన వెనక నేను. సిమెంటూ ఇసుకా కలిపి మాలు తయారు చేయడం, తట్టలో ఎత్తి అందించడం, ఆయన పూసి నున్నగా చేసిన గోడకు వారం రోజులు పొద్దునా సాయంత్రం నీళ్లు కొట్టడం నా పని. అల్వాల్‌లో మేమిద్దరం పని చేయని వీధి లేదనుకుంటాను. ఇరవై ఆరేళ్లు అలా గడిచాయి.

ఆ పనులన్నిటిలో నాకు నీళ్లు కొట్టడమే ఇష్టం. మిగతాదంతా బరువు. పచ్చి గోడ మీద చెంబుతో చల్లితే సుర్రుమని పీల్చుకుంటుంది. బూడిద రంగు నల్లబడుతుంది. ఎండాకాలం ఒక్క పూట మరిచినా గోడ మీద సన్నటి పగుళ్లు లేస్తాయి. ఆయన రోజంతా చేసిన పని నిలబడేది నా చెంబు వల్లేనని లోపల కొంచెం గర్వంగా కూడా ఉండేది. పైకి ఎప్పుడూ అనలేదు.

తర్వాత బోర్డులు వచ్చాయి.

అంతకుముందే పెద్ద పెద్ద ఆఫీసుల్లో వచ్చాయట, మాకు తెలియదు. మాకు తెలిసింది సికింద్రాబాద్‌లో, రోజు కూలీలు నిలబడే అడ్డా మీద. పొద్దున ఏడింటికి వెళ్లి నిలబడితే ఎనిమిదిలోపు ఎవరో ఒకరు పనికి తీసుకుపోయేవాళ్లు. మెల్లగా, పది దాటినా అక్కడే నిలబడిన రోజులు ఎక్కువయ్యాయి. వచ్చినవాళ్లు కూడా బండి దిగకుండానే "బోర్డు పని వస్తదా?" అని అడిగి, రాదంటే వెళ్లిపోయేవాళ్లు.

మేం తాపీలూ తట్టలూ కొనే దుకాణం ఆ అడ్డాకు దగ్గర్లోనే, రెజిమెంటల్ బజార్‌లో ఉంది. అక్కడ తట్టలు వెనక్కి పోయి, ముందు సన్నటి ఇనుప పట్టీలు, నల్ల స్క్రూల డబ్బాలు, టేపు చుట్టలు వచ్చి కూర్చున్నాయి. ఇసుక లారీ గురించి ఫోన్లు చేసే దుకాణాయన ఇప్పుడు బోర్డుల లారీ గురించి చేస్తున్నాడు. ఎక్కడో దూరాన ఫ్యాక్టరీలో, జిప్సం పొడిని రెండు మందపు కాగితాల మధ్య పోసి గట్టిపరిచి పంపుతారట. "లారీ ఒక్క రోజు లేటైతే ఎన్ని సైట్లు ఆగుతయో తెల్సా అమ్మా?" అనేవాడు. అతను పక్క గది కూడా అద్దెకు తీసుకున్నాడు. బోర్డులు దించడానికి నలుగురు హమాలీలను పెట్టుకున్నాడు. ఆ లారీ వాళ్లకు కొత్తగా అన్నం పెట్టింది. మా అడ్డాను ఖాళీ చేసింది. రెండూ నా కళ్లతోనే చూశాను.

ఇటుకలు పేర్చి, ప్లాస్టరింగ్ చేసి, తడిపి, ఆరబెట్టి, నెల పట్టే గోడ బోర్డుతో నాలుగు రోజుల్లో లేస్తుంది. దుకాణానికి మడిగె అద్దెకు తీసుకున్నవాళ్లు నెల ముందే తలుపులు తెరుచుకోవచ్చు. వాళ్లది తప్పని అనను. కానీ మా తిండి ఆ నెల రోజుల్లోనే ఉండేది. అందులోనూ ముందు పోయింది ఆడవాళ్ల పని. బోర్డు గోడకు ఇసుక జల్లించేది లేదు, మాలు కలిపేది లేదు. అడ్డా మీద నాతో నిలబడే ఆడవాళ్లు కొందరు ఇళ్లలో పాచిపనికి, కొందరు ఫంక్షన్ హాళ్లలో గిన్నెలు కడగడానికి వెళ్లిపోయారు. చివరికి నేనూ ఇంకొకామే మిగిలాం.

మా ఆయన మొదట్లో బోర్డును ఎగతాళి చేసేవాడు. దుకాణంలో నిలబెట్టిన బోర్డును వేళ్లతో కొట్టి చూసి, "గిది గోడా? పెండ్లి పత్రిక లెక్కున్నది," అనేవాడు. కుడి భుజం నొప్పి మొదలై, తాపీ తల మీదికి లేవని రోజులు వచ్చాక ఎగతాళి మానేశాడు. ఒకప్పుడు మా అడ్డా మీదే నిలబడి, ఆనక బోర్డు పనుల కాంట్రాక్టర్ అయిన ఒకతను ఉన్నాడు. మా ఆయన కంటే పదేళ్లు చిన్న. ఒకరోజు మా ఆయన ఇస్త్రీ చొక్కా వేసుకుని, నన్నూ రమ్మని, అతని దగ్గరికి వెళ్లి పని అడిగాడు. ఇరవై ఆరేళ్లలో ఆయన ఒకరిని పని అడగడం నేను చూడలేదు. అడ్డా మీద నిలబడతాడు గానీ నోరు తెరిచి అడగడు.

కాంట్రాక్టర్ మర్యాదగానే మాట్లాడాడు. "నీ చెయ్యి నాకు తెల్వదా మేస్త్రీ? గని ఇది వేరే పని. పద్మారావు నగర్‌ల పండ్లు పీకే డాక్టరమ్మ దవాఖానల ఒక గోడ ఉన్నది. నువ్వు, అక్క కలిసి చెయ్యిండ్రి. మంచిగొస్తె సాలు పొడుగునా పని ఇస్త. ఖరాబైతె మాత్రం నన్ను మల్ల అడగొద్దు."

"ఆమె ఎందుకు? మాల్ లేదు గద," అన్నాడు మా ఆయన.

"బోర్డుల నడుమ సందు పూడ్చనీకి. మొగోళ్లు పూస్తె గట్టు లెక్క లేస్తది. ఆడోళ్ల చెయ్యి మెత్తగుంటది."

బయటికి వచ్చాక మా ఆయన నా చేతుల వైపు చూశాడు. సిమెంటుకు పగిలి గరుకుగా ఉన్న చేతులవి. "మెత్తగుంటదట," అని నవ్వాడు.

మొదటి రోజు కాంట్రాక్టరే దగ్గరుండి చూపించాడు. నేలకూ పైకప్పుకూ ఇనుప పట్టీలు బిగించి, వాటి మధ్య నిలువు పట్టీలు నిలబెట్టి, రెండు వైపులా బోర్డులను స్క్రూలతో బిగించాలి. రెండు బోర్డులు కలిసేచోట టేపు అంటించి, వెన్నలాంటి తెల్లటి పూత పూయాలి. ఆరాక గీకి, మళ్లీ పూయాలి. అది నా పని. మూడో రోజు సాయంత్రం కాంట్రాక్టర్ వచ్చి గోడ మీద అరచెయ్యి పెట్టి ఈ చివర నుంచి ఆ చివరకు నడిచాడు.

"సందు ఏడున్నదో నాకే దొరుకుతలేదు అక్కా," అన్నాడు. "పొద్దుగాల పెయింటర్‌ను తోలుకొస్త."

 అతను వెళ్లాక మా ఆయన, "ఇన్నేండ్ల సంది నీకు తాపీ ఇయ్యకపోతి," అన్నాడు.

అద్దెకు తెచ్చిన నిచ్చెనను దుకాణంలో తిరిగి ఇచ్చి అటునుంచి అటే ఇంటికి వస్తానని ఆయన వెళ్లిపోయాడు. నేను గది ఊడ్చాను. పని అయిపోయింది. చెప్పులు వేసుకుని తలుపు దాకా వెళ్లి వెనక్కి తిరిగి చూశాను. గోడ తెల్లగా, పొడిగా నిలబడి ఉంది. ముట్టుకుంటే చుక్క తడి లేదు. పూర్తయిన గోడను అలా ఎండగట్టి నేనెప్పుడూ ఇంటికి పోలేదు. అది మా ఇద్దరి మొదటి బోర్డు గోడ. బాగా రావాలని ఎంత ఉందో చెప్పలేను. బాత్రూంలో బకెట్టూ మగ్గూ కనిపించాయి.

ఆ గోడ సుర్రుమనలేదు. నీళ్లు జారి కిందికి పోయాయి. సరిగ్గా తాగడం లేదేమోనని ఇంకో బకెట్ తెచ్చాను. అటువైపు కూడా కొట్టాను. నాలుగు బకెట్లయ్యాయి. నేల తుడిచి, సంతోషంగా ఇంటికి వెళ్లాను. మా ఆయనకు చెప్పనైనా లేదు. గోడ తడిపానని ఆయనకు ఏనాడూ విడిగా చెప్పింది లేదు.

పొద్దున ఇద్దరం వెళ్లి తలుపు తెరిచాం. గోడ పూరీలా ఉబ్బి ఉంది. టేపు ఊడి పేలికలుగా వేలాడుతోంది. కింది భాగం వేలు పెడితే లోపలికి దిగింది.

మా ఆయన నా వైపు తిరిగాడు. "నీళ్లు కొట్టినవా?"

"కొట్టిన."

"ఎన్ని?"

"నాలుగు బకెట్లు."

"నాలుగా! సిమెంటు గోడకు సుత గన్ని కొట్టవు గదనే."

"మంచిగ ఉండాలని కొట్టినయ్యా," అన్నాను.

ఆయన నా భుజం మీద చెయ్యి వేశాడు. అంతలోనే మెట్ల మీద చెప్పుల చప్పుడు. కాంట్రాక్టర్ పెయింటర్‌తో లోపలికి వచ్చి గోడను చూసి అక్కడే ఆగిపోయాడు.

"ఏందీ ఇది? ఎవలు చేసిన్రు?"

"నేనే," అన్నాడు మా ఆయన. "అలవాటుల నీళ్లు కొట్టిన."

"నీకు దిమాగ్ ఉన్నదా మేస్త్రీ? కాగితం అది! బోర్డు మీద గొడుగు బొమ్మ ఏసి లేదా? తడపొద్దని గంత పెద్దగ ఏస్తే కండ్లు కనవడలేదా? ఎల్లుండి డాక్టరమ్మ కుర్చీ వస్తున్నది, నేనేం జవాబియ్యాలె?"

ఆ గొడుగు బొమ్మ నేను చూశాను. గొడుగు మార్కు కంపెనీ అనుకున్నాను. అగ్గిపెట్టె, సబ్బు, అగరొత్తులు, నేను కొనే ప్రతిదీ దాని మీది బొమ్మను బట్టే కొనేదాన్ని. బొమ్మంటే పేరనే నాకు తెలుసు. అది మాట్లాడుతుందని తెలియదు.

కాంట్రాక్టర్ ఇంకా చాలా అన్నాడు. పెయింటర్ ముందే అన్నాడు. పెద్ద పెద్ద బిల్డర్లు పిలిచి గోడలు పూయించుకున్న మనిషి తల వంచుకుని నిలబడ్డాడు. నేను నోరు తెరవబోతే ఆయన నా వైపు ఒక్క చూపు చూశాడు. నేను మూసుకున్నాను. ఆ మూసుకోవడం ఇప్పటికీ నన్ను బాధిస్తుంది.

ఇంటికి వచ్చాక అడిగాను. "ఎందుకు మీదేసుకున్నవ్?"

"నిన్ను అంటె నేను ఊకుంటనా? ఆడనే లొల్లి అయితుండె."

"నిజం చెప్పు."

చెప్పులు విడిచి, గోడకు ఆనుకుని కూర్చున్నాడు. "నా భుజం ఎట్లైనా పోయింది. ఇంకెన్ని రోజులు చేస్త నేను? నీ చెయ్యి ఇప్పుడే కాంట్రాక్టర్ కండ్ల వడ్డది. తడిపింది నువ్వని తెలిస్తె ఈ సికింద్రాబాద్‌ల నిన్ను ఇంకెవడన్న పిలుస్తడా? నా పేరు మీద పోతే పోనియ్యి."

నాకు ఏడుపు వచ్చింది. "ఏడ్వకు. నీళ్లు కొట్టింది సాలదా?" అన్నాడు. ఏడుస్తూనే నవ్వాను.

మరుసటి రోజు పొద్దున ఆయన తాపీ సంచీలో వేసుకుని పాత అడ్డాకు వెళ్లిపోయాడు. నేను పొయ్యి కూడా వెలిగించకుండా రెజిమెంటల్ బజార్ దుకాణానికి వెళ్లాను. కాంట్రాక్టర్ పొద్దున్నే అక్కడ బోర్డులు ఎక్కించుకుంటాడని తెలుసు. అతను ట్రాలీ ఆటో పక్కన చాయ్ తాగుతున్నాడు. నన్ను చూసి మొహం తిప్పుకున్నాడు.

"నీళ్లు కొట్టింది నేను. మా ఆయన గాదు," అన్నాను.

"ఏంది?"

"ఆయన అప్పటికే నిచ్చెన ఇయ్యనీకి పోయిండు. నేనొక్కదాన్నే ఉన్న. నాకు పని ఇయ్యకున్నా మంచిదే. ఆయన చేతిని మాత్రం ఖరాబ్ అనకు తమ్మీ. ఆయన గోడల వంకర లేకుండె."

"మరి ఆయన ఎందుకు చెప్పిండట్ల?"

"నాకు పని దొరకాలని."

అతను చాయ్ గ్లాసు కింద పెట్టాడు. దుకాణాయన లోపల ఉన్నాడని చూసుకుని, గొంతు తగ్గించి, "నేను సుత మొదట్ల ఒక సీలింగ్ తడిపిన అక్కా," అన్నాడు. "రాత్రికి రాత్రి కూలింది. తప్పు ఎలక మీదికి తోసేసిన." గ్లాసు మళ్లీ చేతికి తీసుకున్నాడు. "మేస్త్రీ ఏడున్నడు?"

"అడ్డా మీద."

"బోర్డులు దవాఖానకే పంపుతున్న. పొద్దుమీకి గోడ లేవాలె. ఇద్దరు పొండ్రి. బాత్రూంకు మాత్రం తాళమేపిస్త."

అడ్డాకు దాదాపు పరుగెత్తాను. మా ఆయన నలుగురు ముసలి మేస్త్రీలతో కలిసి, సంచీ చంకలో పెట్టుకుని నిలబడి ఉన్నాడు.

"నడువ్. బోర్డులు పోయినయ్," అన్నాను.

"ఏం చెప్పినవ్ ఆయనకు?"

"అంత చెప్పిన."

 తిడతాడనుకున్నాను. "పొద్దుగాల ఏమన్న తిన్నవా?" అని అడిగి, ముందు టిఫిన్ బండి దగ్గరికి తీసుకెళ్లి ఇడ్లీ పెట్టించాడు. తర్వాత పద్మారావు నగర్ వెళ్లి, ఇద్దరం ఉబ్బిన గోడను విప్పడం మొదలుపెట్టాం. కింది స్క్రూలు ఆయన విప్పాడు. పైవాటి కోసం నేను స్టూలు ఎక్కాను.