రెండు ఉడుతల మాస్టారు

మా పాఠశాల సైన్సు ఉపాధ్యాయులు దానియేలు మాస్టారు ఇక లేరు. మొన్న ఆదివారం తెల్లవారుతుండగా గుండె ఆగి ప్రభువు సన్నిధికి చేరుకున్నారని కబురు వస్తే, ఇదే బడిలో తెలుగు పండితుడినైన నేను చెప్పులైనా తొడుక్కోకుండా వాళ్లింటికి పరుగెత్తాను. దుఃఖం అపారమే. అయినా దాని అడుగున ఒక ఊరట ఉంది, దాన్ని దాచుకోవడం నా వల్ల కాదు. కిందటేడు పోయి ఉంటే ఆ మహానుభావుడు జీవహత్య చేశాడన్న నిందతో పోయేవారు. భగవంతుడు అంత అన్యాయం చేయలేదు.

ఆయన సత్యనిష్ఠ సామాన్యమైనది కాదు, చుట్టూ ఉన్నవారికి సుఖమైనదీ కాదు. ఒకనాడు నేను తరగతిలో హంస పాలనూ నీళ్లనూ వేరు చేసే వైభవాన్ని వర్ణిస్తుంటే గోడ అవతలి నుంచి విన్నారు. విరామంలో వచ్చి, "పంతులుగారూ, మీరెప్పుడైనా చూసేరా?" అని వినయంగా అడిగారు. ఒళ్లు మండిపోయి కొన్నాళ్లు మాట్లాడలేదు. చివరికి ఆయనే మా ఇంటికొచ్చి కాఫీ అడిగి పుచ్చుకున్నారు. కోపం నిలుపుకోనివ్వని మనిషి.

మిషన్ ఆసుపత్రి దొరసాని స్వదేశానికి వెళ్లిపోతూ ఆయనకొక అద్దాల పెట్టె ఇచ్చింది. అందులో పొట్టు కూరి నిలబెట్టిన అమెరికా చిట్టి ఉడుత ఉంది. ఆ దేశంలో చిప్‌మంక్ అంటారట. దాని పక్కన మన ఉడుతను పెట్టి పోల్చి చెప్పాలని మాస్టారి ఆరాటం. అందుకోసం ఒక ప్రాణిని చంపడం మాత్రం ఆయనకు సమ్మతం కాదు. తరగతి కిటికీలో రోజూ వేరుశనగ గింజలు పెట్టి, వేపచెట్టు మీది ఉడుతనొకదాన్ని మచ్చిక చేసుకున్నారు. రెండూ గుప్పెడంత జీవాలే, రెండూ చెట్టెక్కేవే, రెండింటి వీపు మీదా చారలే. అయితే మనది కొమ్మల్లో గూడు కట్టుకుంటే, అది నేలలో బొరియ తవ్వుకుంటుంది. బుగ్గసంచుల నిండా గింజలు మోసుకుపోయి దాచుకుని, మంచుకాలం ఆ బొరియలోనే గడుపుతుంది. పిల్లలతో పాటు నేనూ వెనక బల్ల మీద కూర్చుని ఆ పాఠం విన్నాను.

ఊరికి ఈ పాఠం తెలియదు. గోడ పక్కగా బెల్లం బళ్లు తోలుకుపోయేవారికి కిటికీలోంచి కనిపించింది అద్దాల పెట్టెలోని చారల ఉడుత ఒక్కటే. ఇంకేముంది, శ్రీరామచంద్రుడు స్వహస్తంతో నిమిరిన ఉడుతను కిరస్తానం మాస్టారు చంపి పొట్టు కూరాడని వడ్డాది సంత దాకా పాకిపోయింది. కొందరు తండ్రులు పిల్లల్ని బడి మాన్పించారు. బడి కమిటీ పెద్ద సన్యాసినాయుడుగారు బెల్లం వర్తకులు, ధర్మాత్ములే గాని తొందర మనిషి. మాస్టారిని ఊరి నుంచి పంపించేయాల్సిందేనన్నారు. అది పరాయి దేశపు జంతువని నేను నెత్తీ నోరూ బాదుకున్నా వినే నాథుడు లేడు. మాస్టారికి అన్నం సయించడం మానేసింది.

"ఉద్యోగం పోతే పోనీండి. నేనొక ఉడతని చంపేనని పిల్లలు నమ్మీసేరు పంతులుగారూ. ఆ మాట మోసుకుని ఊరొదిలి ఎలా వెళ్తాను?" అని నా ముందు కళ్లనీళ్లు పెట్టుకున్నారు.

కమిటీ ఆ తరగతిలోనే కూడింది. మాస్టారు ఏమీ వాదించలేదు. అద్దాల పెట్టెను కిటికీ గట్టున పెట్టి, అరచేతిలో గింజలు పోసుకుని చెయ్యి చాపి, దయచేసి ఎవరూ కదలవద్దన్నారు. ఊరి పెద్దలంతా అలా ఊపిరి బిగబట్టి కూర్చోవడం నేనెన్నడూ చూడలేదు. ఆ దిక్కుమాలిన ఉడుత ఆ పూటే రాకపోతే ఏం గతి? వచ్చింది. పెట్టెలోని దూరపు చుట్టాన్ని పట్టించుకోకుండా, మాస్టారి మణికట్టు ఎక్కి కూర్చుని గింజ కొరకసాగింది.

నాయుడుగారు చాలాసేపు దాన్నే చూశారు. "సాలు మాస్టారూ. సంపీసే సెయ్యి మీదికి అది రాదు. తప్పు మాదే," అన్నారు.

ఇంకొకరైతే దండం పెట్టి ఊరుకునేవారు. ఈయన ఊరుకుంటేనా! నమ్మితే చాలదు, చూడాలన్నారు. నాయుడుగారి కళ్లజోడు ఇంటి నుంచి తెప్పించి మరీ చారలు చూపించారు. మనదానికి వీపు మీద మూడు తెల్లచారలే, ముఖం మీద ఒక్కటీ లేదు. దానికి చెంపల మీద కూడా చారలున్నాయి. పెద్దమనుషులు పిల్లల్లా ఒకరినొకరు తోసుకుంటూ పెట్టెలోకి తొంగిచూస్తుంటే నాకు నవ్వూ ఏడుపూ ఒక్కసారే వచ్చాయి. అమ్మయ్య అనుకున్నాను. ఆ రాత్రి మాస్టారు మా ఇంట్లో మారు వడ్డించుకుని తిన్నారు.

మొన్న ఆదివారం మధ్యాహ్నం ఆయన అన్నగారు చీడికాడ నుంచి ఎడ్లబండి తెచ్చారు, స్వగ్రామంలో సమాధి చేద్దామని. బండి కదలబోతుంటే సన్యాసినాయుడుగారు వచ్చి ఎద్దుల ముందు నిలబడ్డారు.

"బాబూ, ఈయన్ని పంపించీడానికి ఒకసారి తొందరపడ్డాం. మరి పంపం. మాస్టారు మావోరు, ఈడే ఉంతారు."

అన్నగారు మాస్టారి భార్య రూతమ్మగారి వైపు చూశారు. "ఉండనీండి బావగారూ, ఆయనకి ఈ ఊరంటేనే ఇష్టం," అన్నదావిడ. అన్నగారు కిందికి దిగి ఎద్దులను విప్పేశారు.

ఇక్కడి సమాధుల తోటలో మొదటి పిడికెడు మన్ను రూతమ్మగారు వేస్తే, రెండోది నాయుడుగారు వేశారు. అటువంటి సత్యవ్రతుడు ఈ పాఠశాలకు మళ్లీ దొరకడు. ఆ లోటు తీరుతుందని ఎవరైనా ఓదార్చబోతే నేను వినను. అయినా నా గుండె ఇవాళ తేలికగానే ఉంది. చేతులెత్తి ఆయనకు నమస్కరిస్తున్నాను. వెళ్లిపొమ్మన్న ఊరే ఆయనను వెళ్లనివ్వలేదు.