ముత్యాలరాజుగారి బోడి అడవి

ముత్యాలరాజుగారికి ఏది చూసినా అందులోంచి ఏం తీసేద్దామా అన్న ధ్యాసే. రాజోలులో ఆయన నెట్ సెంటర్‌కి పార్వతి తన తమ్ముడి పెళ్లి శుభలేఖ టైపు చేయించడానికి వెళ్తే, పావుగంటలో మూడు ముక్కలు మిగిల్చారు: పేర్లు, తేదీ, భోజనం ఎక్కడో.

"వినాయకుడి బొమ్మేదండీ?"

"ఆయ్, తీసేసేనండీ. పెళ్లికి ఆయనెలాగూ వస్తారు. ఫైలుకి బరువెందుకండీ?"

అసలు ఆయన ప్రతాపమంతా వేట ఆటల మీద. కొత్త కంప్యూటర్లనే రొప్పించే పెద్ద పెద్ద ఆటల్లోంచి గడ్డీ గాదం పీకి, పిట్టల కూతలు నొక్కేసి, గుప్పెడంత ఫైలు చేసి, తుక్కుకి వేయాల్సిన కంప్యూటర్లలో పరుగులు పెట్టించేవారు. నిజం వేట మాత్రం ఎరగరు. చీమ కుట్టినా "వెళ్లమ్మా" అని దులిపి వదిలేసే రకం.

అలాంటి మనిషిని పార్వతే ఇంటికి పిలిచింది. ఆమె భర్త సత్యం మస్కట్‌లో క్రేన్ నడిపేవాడు. పక్షవాతంతో కుడిచెయ్యి పడిపోయి ఇంటికొచ్చాడు. వేళ్లు కదపకపోతే ఆ చెయ్యి ఇక రాదన్నాడు డాక్టరు. పిసకమని రబ్బరు బంతి ఇస్తే సత్యం గోడకేసి కొట్టాడు, అదీ ఎడమచేత్తో. మస్కట్ రూములో ఆడిన లేడివేట అయితే ఆడతానన్నాడు.

రాజుగారు ఓ డొక్కు కంప్యూటర్ మోసుకొచ్చి ఆట ఎక్కించారు. అందులో లేడి తీర్థం నుంచి తిరిగొస్తున్న ముసలమ్మలా అడుగు తీసి అడుగు వేస్తోంది. సత్యం వేలు మౌస్ నొక్కడానికి రెండు నిమిషాలు పట్టింది. లేడి ఇంకా అక్కడే ఉంది. పడింది. ఇంటిల్లిపాదీ ఒకటే గోల!

ఆ తర్వాత శనివారం శనివారం రాజుగారు రావడం, ఏదో ఒకటి పీకేయడం. ఓ వారం గడ్డి పోయింది. ఓ వారం నీడలు. ఆనక ఏకంగా కొండ.

"అడవికి తిరపతి గుండు చేసేస్తన్నారేంటండీ!" అంది పార్వతి.

"కొండతో మనకేం పనండీ? బరువు."

రోగిష్టి మనిషికి ఈ బోడి అడవేమిటని ఒళ్లు మండి, పార్వతి తన తమ్ముడు మోహన్ చేత సరికొత్త కంప్యూటర్ తెప్పించింది. అందులో ఆకు ఆకూ ఊగుతోంది, వాగు మెరుస్తోంది. లేడి మాత్రం ఇలా కనబడి అలా మాయం. పదిసార్లు గురి తప్పాక సత్యం మౌస్ తోసేశాడు.

"ఈ చెయ్యింక పనికిరాదే పార్వతీ. నన్నొదిలెయ్యి."

రెండ్రోజులు వేలు కదపలేదు. పార్వతి నెట్ సెంటర్‌కి పరుగెత్తింది.

విషయం విని రాజుగారు నెత్తి కొట్టుకున్నారు. "ఎంత పని చేసేరండీ! లేడి నెమ్మదిగా నడవాలనే ఆ డొక్కుకి ఆట మొత్తం బరువు పెట్టేనండీ. ఆయన వేలు కాస్త చురుకైనప్పుడల్లా ఓ బరువు తీసేవోణ్ణి. బరువు తగ్గితే లేడికి కాళ్లొస్తాయి కదండీ!"

పార్వతి వేళ్ల మీద లెక్కేసుకుంది. గడ్డి, నీడలు, కొండ... అన్నీ సత్యం వేలు మెరుగైన వారాలే.

"ముందే చెప్పొచ్చు కదండీ!"

"చెబితే వైద్యమైపోద్దండీ. మందంటే ఆయనకి పడదు కదా."

సాయంత్రానికి డొక్కు కంప్యూటర్ మళ్లీ బల్లెక్కింది. సత్యం కాసేపు అలిగి, ఇంకాసేపు బతిమాలించుకుని కూర్చున్నాడు. రెండో దెబ్బకి లేడి పడింది. నెల తిరిగేసరికి చెట్లన్నీ పోయి, తెర మీద లేడి, దాని నెత్తిన కాస్త ఆకాశం మిగిలాయి. లేడి దౌడు తీస్తుంటే సత్యం టక్కున కొట్టాడు.

"ఆకాశం ఇంకా ఎందుకండీ రాజుగారూ? పీకి పారెయ్యండి!" అంటూ తెర వైపు చూపించాడు. కుడిచేత్తో, చూపుడువేలు నిటారుగా పెట్టి.

ఆ వేలిని చూసి పార్వతి పకపకా నవ్వింది. రాజుగారు మాత్రం కంగారుగా తెరకి అడ్డం వచ్చారు.

"అదొక్కటీ ఉంచేద్దామండీ, బాగుంది!"