సగం టవల్

పొద్దున పొయ్యి మీద అన్నం ఉడికేలోగా నేను బీడీలు చుట్టేదాన్ని. మా ఆయన దశరథ్ ఇంట్లో మగ్గం మీద కాసేపు టవల్ నేసి, మిల్లు ఆఫీసులో కంప్యూటర్ నడపడానికి పోయేవాడు. ఇప్పుడు అన్నం ఉడికేదాకా ఊరికే కూర్చుంటున్నాను.

"పాత మిషన్ ఒక పని అయ్యేదాకా ఇంకోటి ముట్టకపోయేది. ఈ కొత్తది నీ లెక్కనే విజయా, ఒక పని టేపు చుట్ట తిరిగేదాక ఆగితే అంతల ఇంకోటి చేస్తది," అనేవాడు ఆయన, ఆఫీసుకు వచ్చిన కొత్త కంప్యూటర్ గురించి.

"ఆగిన పని మరిచిపోదా?"

"నీ లెక్క మతిమరుపు లేదు దానికి. యాడ ఆగిందో యాది పెట్టుకొని, మల్ల ఆడికెల్లే షురూ జేస్తది."

ఆయన గుండెపోటుతో పోయి నెల దాటింది. మగ్గం మీద టవల్ సగంలోనే ఉంది.

"నువ్వన్న నేసి దించు బిడ్డా," అంది అత్త యమునాబాయి.

నాకు నేయడం వచ్చు. మగ్గం మీద దుమ్ము మాత్రం తుడిచి, అడ్డపోగు నడిపే నాడెను ఆయన పెట్టిన చోటే ఉంచాను.